మా ఆడవాళ్ళ గట్టి పిక్కలు

మా అమ్మాయి పెద్దమనిషి అయిందని సంబరపడాల్సిన రోజుల్లోనే నేను తీసిన కొలతని మొదటిసారి నేనే నమ్మలేకపోయాను. ఓణీల వేడుకకు జాకెట్టు కుట్టాలని కొలతలు తీస్తున్నాను. గాజువాకలో మా వీధి ఆడవాళ్ళందరి జాకెట్లూ నేనే కుడతాను. మెడలో టేపు వేసుకునే స్నానానికి వెళ్ళబోయానని మా ఆయన ఇప్పటికీ ఎగతాళి చేస్తాడు. అంత చెయ్యితిరిగినదాన్ని ఆ రోజు జబ్బ చుట్టూ తీసే ఒక్క చేతి రౌండు దగ్గర ఆగిపోయాను.

పోయిన ఏడాది దాని యూనిఫారం కొలతలు నాకు నోటికి వచ్చు. పిల్ల ఎత్తు పెరిగింది. భుజాలు వెడల్పయ్యాయి. మెడ, గడ్డం కింద నిండుగా వచ్చింది. చేతి రౌండు మాత్రం పెరగకపోగా తగ్గింది. ఈడొచ్చిన పిల్లల జాకెట్లకు ముందు విప్పాల్సి వచ్చేది చేతుల కుట్టే. ఏ తల్లి వచ్చినా "చేతులు బిగుసుకుపోయాయి, కాస్త విప్పు" అంటుంది. అందుకే మళ్ళీ కొలిచాను. చెయ్యి దించమన్నాను, ఎత్తమన్నాను, రెండో చెయ్యి ఇమ్మన్నాను.

"ఏటమ్మా, ఎన్నిసార్లు కొలుస్తావు? నా సెయ్యేటి పారిపోతందా?" అని నవ్వింది.

టేపు పాతబడి సాగిపోయిందని అబద్ధం చెప్పాను. వంగి దాని పావడా కాస్త పైకెత్తి పిక్కలు చూశాను. గట్టిగా, గుండ్రంగా, చర్మం కింద పచ్చటి నరం ఒకటి తేలి ఉంది. పావడా గబుక్కున దించేశాను.

పిల్ల మాత్రం మురిసిపోయింది. "బాగున్నాయి కదా? మా పీటీ సారు ఖోఖో టీములో ఎట్టీసినారు. నీ కాళ్ళు సూస్తేనే ఆడేటట్టున్నావు అన్నారు" అంది.

ఆ పిక్కల కథ చెప్పకపోతే నా భయం మీకు అర్థం కాదు. మాది సబ్బవరం దగ్గర పల్లె. మా అమ్మ, మా అమ్మమ్మ, ఆమె అక్కచెల్లెళ్ళు, అందరివీ అవే కాళ్ళు. నరాలు తేలిన పిక్కలు, కండ తప్ప మరేమీ లేని తొడలు, మగవాళ్ళ చేతుల్లాంటి చేతులు. ఊడ్పుల రోజుల్లో ఊళ్ళో వాళ్ళు మమ్మల్ని చూపించి మెచ్చుకునేవారు. ఆ ఇంటి పిల్లని చేసుకుంటే ఇంట్లోకి ఒక జత ఎద్దులు వచ్చినట్టే అనేవారు. నన్ను చూడ్డానికి వచ్చినప్పుడు మా అత్తగారు నా ముఖం కంటే ముందు నా కాళ్ళు చూసింది. "పనిమంతురాల్లాగ ఉన్నాది" అని అక్కడే తాంబూలం ఖాయం చేసింది. మేమూ పొంగిపోయాం. గట్టి ఒళ్ళు మా వంశానికి దేవుడిచ్చిన వరం అనుకున్నాం. ఎంత తెలివితక్కువతనమో ఇప్పుడు తలుచుకుంటే నా మీద నాకే ఒళ్ళు మండుతుంది.

ఆ వరంతోపాటు ఇంకొన్ని వచ్చేవి. వాటిని మేం వేరే వేరే పేర్లతో పిలుచుకున్నాం. మెడ వెనక, చంకల్లో చర్మం నల్లగా మందంగా మారేది. మట్టి పట్టిందని మా అమ్మ కొబ్బరి పీచుతో నెత్తురు చిమ్మేదాకా నా మెడ రుద్దేది. ముఖం నిండుగా, గడ్డం కింద బరువుగా ఉండేది. తిన్న ముఖం అనేవారు. నడి వయసుకి అందరికీ షుగరు వచ్చేది. ఇంటి గాలి అనేవారు. మా అమ్మమ్మ ఒక పెళ్ళిలో భోంచేసి లేచి, కడుపు పట్టుకుని మెలికలు తిరిగి, మర్నాడు పోయింది. గాలి సోకిందన్నారు, వేపమండలు కొట్టారు. ఇన్నిటికీ ఒకే పేరు ఉందని ఎవరికి తెలుసు?

నా సంగతికి వస్తాను. పాప కడుపులో ఉండగా నాకు షుగరు వచ్చింది. కాన్పు అయ్యాక పోతుందన్నారు, పోలేదు. మాత్రలు పెంచారు, ఇన్సులిన్ పెట్టారు, అదీ పెంచారు. నేను చూపించుకునే డాక్టరు ఒకాయన ప్రతిసారీ రిపోర్టు బల్లమీద పడేసి, "మీరు తినడం మానట్లేదు, నాతో అబద్ధం చెప్పకండి" అనేవాడు. రాగిజావ తాగి, చప్పిడి కూర తిని, బస్సులో నిలబడి వెళ్ళిన నన్ను దొంగని చేసేవాడు. ఒకరోజు నాకు తిక్క రేగి, "అయితే మా ఇంట్లో వచ్చి కూర్చో, నేనేం తింటున్నానో నువ్వే వడ్డించు" అని వచ్చేశాను. ఆ తర్వాత చాన్నాళ్ళు ఏ డాక్టరు గడపా తొక్కలేదు.

ఒక గృహప్రవేశానికి వెళ్ళి బూరెలు, నెయ్యి వేసిన పప్పు తిని వచ్చాను. మర్నాడు పొద్దున మిషను తొక్కుతుంటే పైకడుపులో మొదలైంది. కత్తెర లోపల పెట్టి ఎవరో వీపు దాకా గుడ్డ కత్తిరిస్తున్నట్టు నొప్పి. మిషను మీదే వాలిపోయాను. స్టీలు ప్లాంటులో షిఫ్టులో ఉన్న మా ఆయనకి కబురు వెళ్ళేలోపు పక్కింటివాళ్ళు నన్ను ఆటోలో వేసి పెద్దాసుపత్రికి తీసుకెళ్ళారు. అక్కడ నర్సు రక్తం తీసి సీసాలో పోసి, దాన్ని వెలుతురుకి పట్టి చూసి, ఇంకో నర్సుని పిలిచింది. నేనూ చూశాను. ఎర్రటి రక్తం కాదది. పాలు కలిపిన రక్తం. నా ఒంట్లోంచి అలాంటిది రావడం చూసి, నొప్పి కూడా మర్చిపోయి భయపడ్డాను.

క్లోమం వాచిందన్నారు. చాలా రోజులు ఉంచుకున్నారు. కాస్త తేరుకున్నాక ఒక లేడీ డాక్టరు వచ్చింది. నన్ను తిట్టకుండా, ఏం తిన్నావని అడగకుండా, నా తొడ మీద చర్మాన్ని రెండు వేళ్ళతో పట్టి లాగింది. చర్మం తప్ప ఇంకేమీ రాలేదు. తర్వాత మెడ వెనక చూసింది. పక్కన కూర్చున్న మా అమ్మ చేతులు చూసింది. "మీ అమ్మగారికీ షుగరేనా? వాళ్ళమ్మగారు ఎలా పోయారు?" అని అడిగింది. అడుగుతున్న కొద్దీ ఆమె ముఖంలో ఏదో తెలిసిపోతున్నట్టు కనిపించింది.

లైపోడిస్ట్రోఫీ అంది. నాకు నోరు తిరగలేదు. ఆమె ఓపిగ్గా చెప్పింది. "ఇంట్లోకి బియ్యం వస్తూనే ఉన్నాయనుకో. పోసుకోడానికి డబ్బా లేదు. ఏం చేస్తావు? మంచం మీద పోస్తావు, పొయ్యి మీద పోస్తావు, నీళ్ళ బిందెలో పోస్తావు. కొవ్వు దాచుకునే డబ్బా నీ చేతుల్లో, కాళ్ళల్లో, తొడల్లో లేదు. అందుకే అది ముఖానికీ మెడకీ చేరింది, లివరుకి పట్టింది, రక్తంలో తేలుతోంది. కండలు బలిసి కాదు, వాటి మీద ఉండాల్సిన కొవ్వు కరిగిపోయి అలా కనిపిస్తున్నాయి. నువ్వు తిన్నందుకు కాదమ్మా, నీకు పుట్టుకతో వచ్చింది."

ఇన్నేళ్ళకి నేను అబద్ధాలకోరుని కాదని ఒక డాక్టరు అన్నందుకు ఏడ్చాను. ఆ ఏడుపు ఇంకా ఆగకముందే ఆమె అడిగింది, "నీకు పిల్లలున్నారా?"

ఒక్క పాప అన్నాను. ఆమె ఫైలు మూసి, కుర్చీ దగ్గరగా జరుపుకుంది. రావచ్చు, రాకపోవచ్చు, సగం సగం అంది. ఆడపిల్లల్లో ఈడొచ్చే వయసులో బయటపడుతుంది అంది. అప్పుడు మా పాప ఇంకా చిన్నది, చేతులు బొద్దుగా, మణికట్టు దగ్గర మడతలు పడి ఉండేవి. ఆ రోజునుంచి నాకు ఆ మడతల మీదే కన్ను. నా బిడ్డ ఎప్పటికీ ఎదక్కుండా ఉంటే బాగుండునని కోరుకున్న తల్లిని నేను. బయటికి అంటే ఉమ్మేస్తారని ఎవరితోనూ అనలేదు.

అందుకే ఆ రోజు ఆ చేతి రౌండు అన్నిసార్లు కొలిచాను.

గోరుచుట్టు మీద రోకటిపోటులా ఆ మర్నాడే సబ్బవరం నుంచి మా అమ్మ దిగింది. మనవరాలు సమర్తాడిందని పెద్ద స్టీలు క్యాను నిండా చిమ్మిలి చేసి తెచ్చింది. మా వైపు పిల్ల పెద్దమనిషైతే నువ్వులూ బెల్లమూ దంచి ఉండలు చేసి పెడతారు. పైన నెయ్యి. రోజూ తింటే నడుం గట్టిపడుతుందని నమ్మకం. అమ్మ వస్తూనే ఒక ఉండ చేత్తో పట్టుకుని పిల్ల నోటి దగ్గర పెట్టింది. నేను మిషను దగ్గరనుంచి లేచి ఒక్క ఉదుటున వెళ్ళి ఆ ఉండ లాక్కున్నాను.

"ఏటే నీకేమైనా పిచ్చా? గుంట నడుం గట్టిపడొద్దా?" అంది అమ్మ.

"డాక్టరమ్మ చెప్పింది నీ ఎదురుగానే కదా. మర్చిపోయావా?"

"ఆవిడ సెప్పింది నీకు. గుంటకి కాదు. నూనె వొద్దు, నెయ్యి వొద్దు, బెల్లం వొద్దు. మరి ఏటి తిని బతుకుతాది? నాలుగు సిమ్మిలుండలు తింటే సచ్చిపోద్దేటి?"

"మీ అమ్మ ఎలా పోయింది?" అన్నాను. కోపంలో నాకు నోరు ఆగదు. అది అనాల్సిన మాట కాదని అనేశాకగానీ తెలియలేదు.

అమ్మ నా చేతిలోని ఉండ తీసుకుని తిరిగి క్యానులో పెట్టి మూత వేసింది. పిల్లని నీళ్ళు తెమ్మని వంటింట్లోకి పంపి, అప్పుడు అంది. "మాయమ్మకి గాలి సోకిందనే అనుకున్నాను ఇన్నాళ్ళూ. ఆ పెళ్ళిలో బంతిలో నానే వొడ్డించినాను. సిన్న గుంటని. మాయమ్మ ఇంకో బూరి ఎయ్యమంది. నెయ్యి పొయ్యమంది. పోసినాను. తల్లికి పెడతన్నానని ఎంత సంబరమో నాకు."

నా కోపం అక్కడే దిగిపోయింది. "నీకు తెలీదు కదమ్మా" అన్నాను. ఆమె తల ఊపింది. అవునని ఊపిందో కాదని ఊపిందో నాకు అర్థం కాలేదు. సాయంత్రం ఆ క్యాను తనే పట్టుకెళ్ళి వీధిలో పంచేసి వచ్చింది. వచ్చాక మనవరాలి పక్కన కూర్చుని దాని కాళ్ళు ఒళ్ళో పెట్టుకుని, ఎప్పుడూ మెచ్చుకునే ఆ పిక్కల మీద చెయ్యి వేసి ఊరుకుంది.

ఆ జబ్బు పాపకీ ఉందో లేదో తేల్చే పరీక్షకి దాని రక్తం ఇచ్చాం. పై ఊరికి పంపాలన్నారు, కొన్ని వారాలు పడుతుందన్నారు. ఆ వారాలు నేను ఎలా బతికానో నాకే తెలియదు. కుట్టిన జాకెట్టు మళ్ళీ విప్పేదాన్ని. ఒకావిడకి రెండు చేతులూ ఒకవైపువే కుట్టి ఇచ్చాను. దేవుడి దగ్గర కూర్చుంటే మొక్కు నోటికి రాలేదు, బేరం వచ్చింది. నాకు ఇంకోసారి ఆ నొప్పి ఇయ్యి, దానికి మాత్రం వద్దు అన్నాను.

దానికీ ఉందని వచ్చింది.

డాక్టరమ్మ పాపని కూర్చోబెట్టి, నాకు చెప్పినట్టే బియ్యం డబ్బా మాట చెప్పింది. నూనె సరుకులు తగ్గించాలి, తీపి తగ్గించాలి, రక్తం తరచు చూపించుకోవాలి, షుగరు వస్తే వెంటనే పట్టుకోవచ్చు అంది. పాప అంతా విని ఒక్కటే అడిగింది. "ఖోఖో ఆడొచ్చా?" ఆడొచ్చు, ఆడాలి అంది డాక్టరు. గుండె కూడా ఒకసారి చూసి, ఫరవాలేదంది. "ఒక్కటి మాత్రం మర్చిపోకు. పైకడుపులో నొప్పి వస్తే, అదీ వీపులోకి పాకితే, ఒక్క గంట కూడా ఆగొద్దు. ఎక్కడున్నా అమ్మకి చెప్పు. తొందరగా వస్తే మేం చూసుకోగలం. దాచుకుంటే ప్రాణం మీదికి వస్తుంది."

ఆ మాట పాప ఎలా విందో గానీ నేను మాత్రం మంత్రంలా పట్టుకున్నాను. పొద్దున లేవగానే, కడుపెలా ఉంది? స్కూలు బ్యాగు తగిలించుకుంటుంటే, కడుపెలా ఉంది? అన్నం ముందు, అన్నం తర్వాత అదే మాట. తేన్చితే ఉలిక్కిపడేదాన్ని. బాత్రూంలో కాస్త ఆలస్యమైతే తలుపు కొట్టేదాన్ని. నెలసరికి పొత్తికడుపు నొప్పి అంది ఒకసారి. చేతిలో కత్తెర పక్కన పడేసి లేచాను. ఏం వినకుండా ఆటో ఎక్కించి, దారి పొడుగునా ఏడుస్తూ, "అమ్మా తల్లీ" అని దేవతలందరినీ పిలుస్తూ ఆసుపత్రికి తీసుకెళ్ళాను. ఏమీ లేదని పంపేశారు. ఆటోలో పాప రోడ్డు వైపు తిరిగి కూర్చుంది. నా వైపు చూడలేదు. ఇంటికొచ్చాక మా ఆయన, "నువ్వు దాన్ని బతకనియ్యవా ఏటి?" అన్నాడు. బతకాలనే కదా నా ఏడుపు అని ఆయన మీద విరుచుకుపడ్డాను.

ఆ తర్వాత ఎప్పుడడిగినా పాప ఒకటే జవాబు. "బాగుందమ్మా." నేను అడగడం పూర్తయ్యేలోపే చెప్పేసేది. నేను హమ్మయ్య అనుకునేదాన్ని.

మొన్న వానలు పట్టిన రోజుల్లో ఒక మధ్యాహ్నం స్కూలు నుంచి ఫోను. ఖోఖో ఆడుతూ కూలబడిపోయింది, కడుపు పట్టుకుని లేవట్లేదు అన్నారు. మిషను మీద గుడ్డ అలాగే వదిలేసి, చెప్పులు లేకుండా షేర్ ఆటో ఎక్కి వెళ్ళాను. పిల్ల స్టాఫ్ రూములో బెంచీ మీద ముడుచుకుని ఉంది. పెదాలు ఎండిపోయి ఉన్నాయి. నన్ను చూడగానే లేచి కూర్చోబోయింది. నవ్వబోయింది కూడా.

ఆసుపత్రిలో రక్తం తీశారు. ఆ సీసా వైపు చూసే ధైర్యం నాకు లేకపోయింది. కాసేపటికి డాక్టరమ్మ వచ్చి క్లోమం వాచిందని చెప్పింది. నాకు వచ్చినంత కాదు, సెలైన్ పెట్టి, నోటికి ఏమీ ఇవ్వకుండా ఉంచితే తగ్గుతుంది అంది. ఎంత జాగ్రత్తగా తిన్నా ఒక్కోసారి వస్తుంది, ఎవరి తప్పూ కాదంది. తర్వాత మంచం అంచున కూర్చుని పాపని అడిగింది, "ఎప్పటినుంచి నొప్పి?"

పాప నా వైపు చూసింది. "మొన్నటినుంచి."

మొన్న. మొన్న రాత్రి కూడా అడిగాను. నిన్న పొద్దున అడిగాను. ఈ రోజు బ్యాగు తగిలిస్తూ అడిగాను. బాగుందమ్మా అంది.

"మరి అమ్మకి ఎందుకు చెప్పలేదు?" అంది డాక్టరు.

పాప దుప్పటి అంచు నలుపుతూ, నన్ను కాదు, ఆమెనే చూస్తూ చెప్పింది. "సెప్తే అమ్మ మొకం ఎలగైపోద్దో నాకు తెల్సు మేడం. సూడలేను. తగ్గిపోద్దేమోనని ఊరుకున్నాను."

డాక్టరు లేచింది. నా భుజం మీద ఒకసారి చెయ్యి వేసి వెళ్ళిపోయింది. ఆ వ్యాధి కంటే, నూనె కంటే, బెల్లం కంటే నా బిడ్డ నా ముఖానికి ఎక్కువ భయపడింది. ప్రాణం నిలబెట్టే ఒక్క మాటని, నేను భయపడతానని మింగేసింది. ఎవరిని తిట్టను? పక్కన ఎవరూ లేరు.

భయపడనని ప్రమాణం చెయ్యాలనిపించింది. చేతకాని ప్రమాణం ఎందుకని ఊరుకున్నాను. స్టూలు లాక్కుని దాని తల దగ్గర కూర్చుని ఉన్నదున్నట్టు చెప్పాను. "నేను భయపడతానే. నా వల్ల కాదు, మానలేను. నా మొహం మాడిపోతుంది, ఏడుస్తాను కూడా. అయినా నువ్వు చెప్పు. ఏడుస్తూనే ఆటో పిలుస్తాను. ఏడ్చినంత మాత్రాన నాకేం కాదు. నువ్వు చెప్పకపోతేనే అవుతుంది."

పాప చాలాసేపు నా ముఖం చూసింది. ఏం వెతికిందో, ఏం దొరికిందో తెలియదు. తర్వాత నా చెయ్యి పట్టుకుని తన పైకడుపు మీద పెట్టుకుంది.

"ఇప్పుడు కూడా నొప్పెడతందమ్మా" అంది. "ఇందాక నర్సు అడిగితే తగ్గిందని సెప్పాను. తగ్గనేదు. వీపులోకి వస్తంది."

నా ముఖం ఎలా అయిందో నాకు తెలియదు. పాప మాత్రం కళ్ళు తిప్పుకోలేదు. నేను లేచి నర్సుని పిలవడానికి వెళ్ళాను.